జనరల్ గారి జమ్మి చెట్లు

ఖతర్‌లో ఒక తోటల కంపెనీలో ఉద్యోగం వచ్చిందని ఈ మధ్య ఇద్దరు వ్యవసాయ పట్టభద్రులు నా దగ్గరికి వచ్చారు. ఒక అమ్మాయి, ఒక అబ్బాయి. ఎండ ఎంత ఉంటుంది, క్వార్టర్ ఇస్తారా, మన కూరగాయలు దొరుకుతాయా అని అడిగారు. అన్నిటికీ తెలిసినంత చెప్పాను. కానీ వాళ్ళు అడగనిది ఒకటుంది. పైనున్నవాడు ఎలాంటివాడై ఉంటాడు, అతని దగ్గర మనం ఎలా మెలగాలి అన్నది. అది చెప్పబోతే వాళ్ళ బస్సు టైమైపోయింది. అందుకని రాస్తున్నాను.

నేను దోహాలో ప్రభుత్వ తోటల విభాగంలో పాతికేళ్ళు పనిచేశాను. నా జీతం పెరిగిన సంగతులూ హోదా మారిన సంగతులూ ఇక్కడ రాయను. వాటివల్ల నేను నేర్చుకున్నది ఏమీ లేదు. నేర్చుకున్నదంతా ఒక జనరల్ గారి దగ్గర, ఒక పనివాడి దగ్గర, రెండు రకాల ముళ్ళచెట్ల దగ్గర.

కుర్చీలు ఎక్కువ, మనుషులు తక్కువ

చమురు ధర ఒక్కసారిగా పెరిగిన రోజులవి. నేను దిగేటప్పటికి దోహా అంతా తవ్విపోసినట్టుంది. ఎటు చూసినా క్రేన్లు, సిమెంటు లారీలు, సగం వేసి వదిలేసిన రోడ్లు. నెలకొక కొత్త కార్యాలయం పుట్టేది. బోర్డు మీద రంగు ఆరకముందే లోపల పని మొదలయ్యేది. అన్ని కుర్చీల్లో కూర్చోవడానికి ఆ చిన్న దేశంలో అంతమంది చదువుకున్నవాళ్ళు అప్పటికి లేరు. ఉన్న కొద్దిమంది పెద్దమనుషులనే అటూ ఇటూ సర్దేవారు. ఆ సర్దుబాటులో మా చెట్ల విభాగానికి సైన్యంలో జనరల్‌గా చేసిన ఆయన డైరెక్టరుగా వచ్చారు.

ఆఫీసులో అందరూ ఆయన్ని బూ సాలెం అనేవారు. అంటే సాలెం తండ్రి అని. అక్కడ పెద్దవాళ్ళను పెద్దకొడుకు పేరుతో పిలవడం మర్యాద. నేను మాత్రం చివరిదాకా జనరల్ గారనే అన్నాను. ఆయన తండ్రి ముత్యాల వ్యాపారి. సరుకు అమ్మడానికి బొంబాయి వెళ్ళి నెలల తరబడి ఉండేవాడట. చిన్నతనంలో తండ్రి వెంట తిరిగి జనరల్ గారు బొంబాయి హిందీ పట్టుకున్నారు. తర్వాత ఇంగ్లండులో సైనిక శిక్షణ. చాలా ఏళ్ళు సైన్యంలో చేశాక ఒక కసరత్తులో మోకాలు దెబ్బతిని యూనిఫాం విప్పాల్సి వచ్చింది. పోలీసు శాఖ ఇస్తారనో ఓడరేవు ఇస్తారనో ఆయన అనుకున్నారని, తీరా చూస్తే చెట్లు ఇచ్చారని మా వరండాలో చెప్పుకునేవారు. మొదటి వారం ఆ కుర్చీలో ఆయన కూర్చున్న తీరు చూస్తే, శత్రువులకు పట్టుబడినవాడు గౌరవంగా కూర్చున్నట్టే ఉండేది.

రెండో రోజున నన్ను పిలిపించారు. అరబ్బీలో 'ప' లేదు కాబట్టి ప్రసాద్ అనే నేను అప్పటికే బ్రసాద్‌నైపోయాను. డిగ్రీ ఉన్న ప్రతివాడూ అక్కడ 'ముహందిస్', అంటే ఇంజనీరు. కాబట్టి వరికీ మిరపకీ డాక్టరీ చదివిన నేను ఇంజనీర్ బ్రసాద్‌ని.

"మన దగ్గర ఎన్ని చెట్లున్నాయి?" అని అడిగారు.

ఒక సంఖ్య చెప్పి, దానికి ముందు 'సుమారుగా' అని చేర్చాను.

"సుమారుగా ఉన్న సైన్యాన్ని నేనెప్పుడూ నడపలేదు," అన్నారు. "వెళ్ళి లెక్కపెట్టు."

చెట్లకు హాజరు

లెక్కపెట్టాం. మూడు వారాలు పట్టింది. ప్రతి చెట్టుకూ ఒక రేకు బిళ్ళ, బిళ్ళ మీద నంబరు. రోజూ ఉదయం ఏడింటికి నేను ఆయన ముందు నిలబడి నివేదిక చదవాలి. ఉన్నవి ఎన్ని, జబ్బుపడ్డవి ఎన్ని, పోయినవి ఎన్ని. నివేదికలో 'ఎండిపోయింది' అని రాస్తే ఆయన ఒప్పుకునేవారు కాదు. ఎక్కడ, ఎవరి పర్యవేక్షణలో, ఏ పరిస్థితుల్లో అని రాయాలి. సముద్రం ఒడ్డున ఒక వేపచెట్టు ఉప్పుగాలికి వడలిపోతుంటే దాన్ని లోపలి పార్కుకు మార్చాం. ఆ వేపచెట్టు పేరున బదిలీ ఉత్తర్వు వచ్చింది. నకలు నా దగ్గర చాలా ఏళ్ళుంది.

మొక్కలను అబూ హమూర్ వైపున్న మా నర్సరీ నుంచి రోడ్ల మీదికి తీసుకువెళ్ళేటప్పుడు ముందొక జీపు, వెనకొక జీపు ఉండాలి. మధ్యలో లారీలో ఖర్జూరపు పిలకలు బిక్కుబిక్కుమంటూ కూర్చునేవి. వరస తాడుపట్టి తిన్నగా ఉండాలి. కింద బండరాయి వచ్చిందని గుంత రెండడుగులు పక్కకు జరిపితే, మర్నాడు ఆయన వచ్చి ఒక కన్ను మూసి వరస చివరి నుంచి చూసి, ఆ మొక్క నంబరు చెప్పేవారు.

మేం నవ్వుకునేవాళ్ళం. అయితే ఒకటి ఒప్పుకోవాలి. ఆయన వచ్చాక నీళ్ళ ట్యాంకర్లు చెప్పిన వేళకు రావడం మొదలైంది. అంతకుముందు వేసవిలో ట్యాంకర్ రాక చచ్చిన మొక్కలకు లెక్కే లేదు. పనివాళ్ళలో ఎక్కువమంది నిజామాబాద్, కరీంనగర్ వైపు వాళ్ళు. వాళ్ళందరి పేర్లూ ఆయనకు నెల తిరిగేసరికి వచ్చేశాయి. నాకు మూడేళ్ళు పట్టింది. చెప్పకుండా క్యాంపుకు వెళ్ళి వాళ్ళ పప్పూ అన్నం తిని, బియ్యం బాగాలేదని కాంట్రాక్టరు చేత మూటలు వెనక్కి మోయించారు. చెట్ల గురించి ఆయనకు ఏమీ తెలియదు. మనుషుల గురించి తెలుసు. మొదటి ఏడాది తనకు చెట్లు తెలియవని ఆయన మాకు చెప్పలేదు, మేమూ ఆయనకు చెప్పలేదు. ఆ మర్యాద వల్లనే తర్వాతి తప్పు జరిగింది.

నేను చేసిన తప్పు

ఒకరోజు పైనుంచి కబురొచ్చింది. వచ్చే శీతాకాలం విదేశీ అతిథులు వస్తారు. చమురు బావులు చూడటానికి దుఖాన్ దాకా కారులో వెళ్తారు. ఆ రోడ్డు పక్కన పచ్చగా కనబడాలి. జనరల్ గారు నన్ను పిలిచి, పది నెలల్లో మనిషి ఎత్తు పెరిగే చెట్టు ఏదని అడిగారు.

నాకు తెలుసు. మన దగ్గర చెరువుగట్ల మీదా బీళ్ళలోనూ ఉంటుందే, సర్కారు తుమ్మ. ఉప్పునీళ్ళకు చావదు, ఎండకు చావదు, గొడ్డు తిన్నా చావదు. అది చెప్పాను. చెప్పినప్పుడు నా గొంతులో కొంచెం గర్వం కూడా ఉంది. కొత్త ఆయన ముందు నాలుగు మంచి మార్కులు పడతాయని ఆశ.

ఆ మార్కులు పడ్డాయి. అతిథులు వచ్చేనాటికి రోడ్డుకు రెండు వైపులా తుమ్మ నిలువెత్తున నిలబడింది. జనరల్ గారి ఆనందం చెప్పలేను. "ఇవీ సైనికులంటే," అన్నారు. ఖర్జూరాలనూ వేపలనూ వాటితో పోల్చి తీసిపారేశారు. ఫిర్యాదు చెయ్యవు, ఎక్కువ నీళ్ళు అడగవు, ఎక్కడ నిలబెడితే అక్కడ నిలబడతాయి. నేను అవునవునంటూ తలూపాను.

రెండేళ్ళ తర్వాత ఒక ఉదయం, ఆ రోడ్డు పక్కన చిన్న ఖర్జూరపు తోట ఉన్న ఒక ముసలి రైతు ఆఫీసుకు వచ్చాడు. చేతిలో గుడ్డ చుట్టిన ఒక ముళ్ళకొమ్మ ఉంది. దాన్ని జనరల్ గారి బల్ల మీద, ఫైళ్ళ పైన, నెమ్మదిగా పెట్టాడు. ఆయన మాట్లాడింది తక్కువ. మా చెట్ల కాయలు తన మేకలు తిన్నాయి. ఆ గింజలు పెంటికలతో తోటలోకి వచ్చాయి. ఇప్పుడు ఖర్జూరాల మధ్య ఎక్కడ చూసినా ఇదే. నీటికాలవలో వేళ్ళు నిండి కాలవ పగిలింది. కొడితే ఒకటికి నాలుగు మొలుస్తున్నాయి. తన తాత వేసిన తోట అది. దీన్ని ఎవరు తెచ్చారో వాళ్ళే వచ్చి తీసుకుపొమ్మని చెప్పడానికి వచ్చానన్నాడు.

రైతును కూర్చోబెట్టి కాఫీ ఇచ్చాక జనరల్ గారు నా వైపు తిరిగారు.

"ఇలా అవుతుందని నీకు తెలుసా?"

తెలియదంటే సరిపోయేది. పుస్తకాల్లో అప్పటికి అంత రాయలేదు కూడా. కానీ ఆయన చూపు నా మీదే ఉంది.

"తెలుసు సర్. మా జిల్లాలో పచ్చికబీళ్ళన్నీ ఇదే మింగేసింది. నేను చూశాను."

"నాకెందుకు చెప్పలేదు?"

"పది నెలల్లో మనిషి ఎత్తు ఏది పెరుగుతుందని అడిగారు. దానికి జవాబు చెప్పాను."

ఆయన ఆ కొమ్మను గుడ్డతో సహా తన వైపుకు జరుపుకున్నారు. కోప్పడితే బాగుండునని నాకు అనిపించింది.

"నేను పనికిరాని ప్రశ్న వేశాను," అన్నారు. "నువ్వు దానికి సరైన జవాబు చెప్పి ఊరుకున్నావు. ఇద్దరం కలిసి ఈయన తోట పాడుచేశాం."

ఆ సాయంత్రం పైకి వెళ్ళిన ఉత్తరం నేను చూశాను. అందులో నా పేరు లేదు. రోడ్డు పక్కన చెట్టును ఎంచింది డైరెక్టరే అని రాశారు. నాకు వచ్చిన ఉత్తర్వు రెండు వాక్యాలది. ఇంజనీర్ బ్రసాద్ రేపటినుంచి దుఖాన్ రోడ్డు మీద పనిచేస్తాడు. చివరి తుమ్మమొద్దు వేళ్ళతో సహా లేచేదాకా ఆఫీసుకు రానక్కరలేదు.

మొద్దులు తవ్విన రోజులు

నాతో పన్నెండుమంది పనివాళ్ళను పంపారు. వాళ్ళకు పెద్ద లింబాద్రి. నిజామాబాద్ దగ్గర పల్లెటూరు. నాకంటే పదేళ్ళు పెద్ద. ఊళ్ళో రెండెకరాలు ఉండి, బోరు ఎండిపోయి గల్ఫ్‌కు వచ్చినవాడు. ఇంటివాళ్ళు మాత్రం ఇప్పటికీ దుబాయ్‌లో ఉన్నాడనే అనుకుంటారని నవ్వేవాడు. మొదటి రోజు నేను గునపం పట్టిన తీరు చూసి, నా చేతులకు గుడ్డపేలికలు చుట్టాడు. వారం తిరిగేసరికి నేను అతన్ని లింబాద్రన్నా అంటున్నాను.

మూడు నెలలు తవ్వాం. కాలేజీలో నాలుగేళ్ళు చదివిన దానికన్నా వేళ్ళ గురించి ఆ మూడు నెలల్లోనే ఎక్కువ తెలిసింది. ప్రతి గురువారం జనరల్ గారు వచ్చేవారు. మోకాలు వంగదు కాబట్టి గుంతలోకి దిగలేరు. మడతకుర్చీ వేసుకుని, తోలు చేతొడుగులు తొడుక్కుని, చెయ్యి అందినంత మేర తుమ్మమొలకలు పీకేవారు. ఒకచోట అయిపోతే కుర్చీ జరిపేవారు. తన వంతుకు ఎన్ని వచ్చాయో వెళ్ళేటప్పుడు లింబాద్రితో లెక్క చెప్పేవారు. అతను ఎప్పుడూ ఇంకో నాలుగు కలిపి ఒప్పుకునేవాడు.

పని ముసలి రైతు తోట చివరిదాకా వచ్చిన రోజున, కంచె అవతల ఒంటరిగా ఒక పాత చెట్టు కనబడింది. సన్నని ఆకులు, గరుకు బెరడు, కింద చిక్కని నీడ. మేం భోజనాల డబ్బాలు పట్టుకుని అటు నడిచాం. నీడ అంచుకు రాగానే లింబాద్రి ఆగిపోయి చెప్పులు విడిచాడు. వెళ్ళి మొదలు మీద చెయ్యిపెట్టి నిలబడ్డాడు.

"సారూ, ఇది మా జమ్మి," అన్నాడు. "ఇంత దూరమెట్లొచ్చిందో. వచ్చి ఆరేండ్లాయె, దసర రోజు జమ్మాకు లేక ఊకనే పండుకుంటున్నం."

నిజమే, అది జమ్మే. వాళ్ళు 'గాఫ్' అంటారు. చదువుకున్నవాణ్ణి, దాన్ని నేను రోడ్డు మీది నుంచి ఎన్నోసార్లు చూసి దాటిపోయాను. ఆరోజు గురువారం. జనరల్ గారు వచ్చి, అతను చెప్పులు ఎందుకు విడిచాడని హిందీలో అడిగారు. తమ ఊళ్ళో పెద్దపండగనాడు ఈ చెట్టు దగ్గరికే పోతామని లింబాద్రి చెప్పాడు. రైతు తన మాట కలిపాడు. ఆ చెట్టుకు ఎవరూ ఎన్నడూ నీళ్ళు పొయ్యలేదట. తన తాత తోట పెట్టినప్పుడు కూడా అది అంతే ఉండేదట.

జనరల్ గారు నన్ను పక్కకు పిలిచి, ఈ చెట్టు సంగతి నాకెందుకు చెప్పలేదని అడిగారు. ఇది చాలా నెమ్మదిగా పెరుగుతుందని చెప్పాను.

"ఎంత నెమ్మది?"

"మన ఇద్దరి ఉద్యోగాలూ అయిపోయేంత, సర్."

"దీని చెడు ఏమిటో అది కూడా ఇప్పుడే చెప్పు."

చెప్పాను. చిన్నప్పుడు మేకలు బతకనివ్వవు. నర్సరీలో చాలా పోతాయి. అయిదారేళ్ళు అతిథులెవరికీ చూపించలేం. ఆయన చిన్న పుస్తకంలో అన్నీ రాసుకుని, ఇదే వేద్దామన్నారు.

ఆ ఎండాకాలం కాయలు ఏరాం. మిగిలిపోయిన నీళ్ళ గొట్టాలు నడుమెత్తున కోసి, మట్టి నింపి, గింజలు పెట్టాం. ఏడాది గడిచినా మొక్క జానెడు లేదు. ప్రతి శనివారం జనరల్ గారు స్కేలుతో వచ్చేవారు. వరస ముందు నిలబడి, "వీళ్ళు పని ఎగ్గొడుతున్నారు," అనేవారు. మొక్కలతో కాస్త గట్టిగానే మాట్లాడేవారు. లోపల వేరు దిగుతోంది, అది దిగాకే పైకి వస్తుందని నేను చెప్పినా నమ్మేవారు కాదు. ఒక శనివారం లింబాద్రి ఇక విసిగిపోయి, ఆయన చూస్తుండగానే ఒక గొట్టాన్ని నిలువునా చీల్చాడు. వేరు అడుగుదాకా దిగి, పోవడానికి దారి లేక చుట్టలు చుట్టుకుని ఉంది. దాన్ని విప్పి తిన్నగా పట్టుకుంటే జనరల్ గారి ఎత్తు దాటింది. పైన మొక్క మాత్రం జానెడే.

ఆయన ఆ వేరును చేత్తో పట్టుకుని చాలాసేపు చూశారు.

"ఇంత పనిచేసి పైకి ఒక్క రిపోర్టు పంపలేదు," అన్నారు. "నా దగ్గర ఇలాంటి ఆఫీసరు ఒక్కడూ లేడు."

స్కేలు మళ్ళీ తేలేదు.

దసరా మర్నాడు

ఆ జమ్మిమొక్కల్లో బతికినవాటిని నర్సరీ పక్కనే ఒక కొత్త పార్కులో వరసలుగా వేశాం. నాలుగేళ్ళకు మనిషి ఎత్తు దాటాయి. జనరల్ గారికి అవంటే ప్రాణం. ఒక ఉదయం తనిఖీకి వెళ్ళేసరికి, మొదటి వరస చెట్లకు చేతికందేమేర ఆకు లేదు. కొమ్మలు విరగలేదు. ఎవరో జాగ్రత్తగా గిల్లినట్టుంది. కింద తడిమట్టిలో చెప్పుల గుర్తులు. సైన్యంలో చేసినాయన ఆ గుర్తుల వెంట నడుచుకుంటూ క్యాంపు గేటుదాకా వెళ్ళి, మరి లోపలికి పోకుండా వెనక్కి వచ్చారు.

ఆఫీసు పాలన చూసే డిప్యూటీ ఒకాయన ఉండేవాడు. ప్రభుత్వ ఆస్తి దొంగతనం అన్నాడు. ఆ క్యాంపులో ఉండే లింబాద్రి జట్టు పన్నెండుమంది వీసాలూ క్యాన్సిల్ చేసి ఆ వారంలోనే విమానం ఎక్కిద్దామని కాగితం సిద్ధం చేశాడు. జనరల్ గారి సంతకమే తక్కువ. ఈ సంగతి తెలిసి నేను ఆయన గది బయట నిలబడ్డాను. నా చొక్కా జేబులో ఒక జమ్మి రెమ్మ ఉంది.

ముందురోజు సాయంత్రం లింబాద్రి నా క్వార్టర్‌కు వచ్చాడు. ఉతికిన చొక్కా వేసుకున్నాడు. నా చేతిలో ఆ రెమ్మ పెట్టి, "బంగారం తీస్కో సారూ," అని గుండెలకు హత్తుకున్నాడు. మా గుంటూరు వైపు జమ్మికి పూజ ఉంది గానీ, ఆకును బంగారమని పంచుకోవడం వీళ్ళ దగ్గరే చూశాను. అది ఏ చెట్టు ఆకో నాకు ఆ క్షణంలోనే తెలుసు. మా ఆవిడ అతనికి పులిహోర పెట్టింది. పండగపూట అడగడమెందుకని ఊరుకున్నాను. తెలిసీ చెప్పకపోవడం నాకది రెండోసారి.

లోపలికి వెళ్ళి ఆ రెమ్మను సంతకం కాని కాగితం మీద పెట్టాను.

"దొంగసొత్తులో ఒకటి నా దగ్గర ఉంది సర్. పన్నెండుమందిని పంపేట్టయితే పదమూడు అవుతుంది."

డిప్యూటీ ఏదో అనబోయాడు. జనరల్ గారు చెయ్యెత్తి ఆపి, నన్ను కూర్చోమన్నారు. ఆకు ఎందుకని అడిగారు.

చెప్పడం మొదలుపెట్టాను. రాజ్యం పోగొట్టుకున్న అయిదుగురు అన్నదమ్ములు ఉన్నారు. ఒక ఏడాదిపాటు తామెవరో ఎవరికీ తెలియకుండా బతకాలి. అందుకని తమ ఆయుధాలన్నీ మూటకట్టి ఊరి బయట ఈ చెట్టు మీద దాచారు. మారువేషాల్లో ఒక రాజు కొలువులో తలా ఒక పనికి కుదిరారు. ఒకడు వంటవాడు, ఒకడు గుర్రాలు చూసేవాడు, ఒకడు పశువులు కాసేవాడు. ఏడాది తిరిగాక వచ్చి ఆయుధాలు దించుకున్నారు. చెట్టు వాటిని కాపాడింది. అందుకని దసరానాడు ఈ ఆకు తెచ్చి పెద్దల చేతిలో పెడతారు. ఏడాదిగా మాటల్లేనివాళ్ళు కూడా ఆరోజు కౌగిలించుకుంటారు.

జనరల్ గారు ఆ రెమ్మను తిప్పితిప్పి చూస్తూ విన్నారు.

"ఆ అయిదుగురిలో గొప్ప యోధుడు ఎవడు? వాడికి ఏ పని దొరికింది?"

"గొప్ప విలుకాడు ఒకడున్నాడు సర్. రాజు కూతురికి నాట్యం నేర్పే పని."

ఆయన కిటికీలోంచి బయటికి చూశారు. భుజాలు కదిలాయి. ఆయన నవ్వుతున్నారని తెలియడానికి నాకు కొంచెంసేపు పట్టింది.

"నాకు చెట్లే ఇచ్చారు," అన్నారు. "నయమే."

కాగితం చింపలేదు. దానిమీద 'అవసరం లేదు' అని రాసి డిప్యూటీకి తిరిగి ఇచ్చారు. తర్వాత లింబాద్రిని పిలిపించారు. ఆ మాటలన్నీ హిందీలో జరిగాయి. అడక్కుండా తీసుకోవడం తప్పని ఆయన అన్నారు. అడిగితే కాదంటారేమోనని భయపడ్డామని లింబాద్రి అన్నాడు. నేను కాదన్న సంగతి ఏదైనా నీకు గుర్తుందా అని ఆయన అడిగారు. లింబాద్రి ఆలోచించి, లేదన్నాడు. అయితే శిక్ష పడుతుందన్నారు. పన్నెండుమందీ మనిషికి పది జమ్మిమొక్కలు గింజ నుంచి పెంచాలి, డ్యూటీ అయిపోయాక. లింబాద్రి తలూపాడు. పోతూపోతూ గుమ్మం దగ్గర తిరిగి, జేబులోంచి ఒక రెమ్మ తీసి, నా వైపు చూశాడు.

"సారూ, పెద్దాయనకు ఇయ్యలేదు. ఇస్తే ఏమనుకుంటడో."

ఆయన్ని నేనే అడిగాను. జనరల్ గారు లేచి నిలబడి కుడిచెయ్యి చాపారు. లింబాద్రి ఆకు పెట్టి వంగబోతే భుజం పట్టి ఆపి, ఇప్పుడు నేనేం చెయ్యాలని అడిగారు. చల్లగా ఉండమని అనాలని చెప్పాను. ఆయన అరబ్బీలో ఏదో మెల్లగా అన్నారు. ఆ ఆకును తన డైరీలో పెట్టుకున్నారు.

మరుసటి ఏడు పండగకు వారం ముందు ఒక ఉత్తర్వు వచ్చింది. జమ్మిచెట్ల మూడో వరసలో ఏడాదికొకసారి, తోటల అధికారి సూచించిన రోజున, సాయంత్రం నాలుగు నుంచి అయిదుదాకా చేతితో కత్తిరింపు జరుగును. రాలిన ఆకును పనివాళ్ళు తీసుకుపోవచ్చును. ఆ తోటల అధికారిని నేనే. ప్రభుత్వ తోటలో పరాయి మతపు పండగ జరుపుతున్నారని ఎవరో పైకి ఫిర్యాదు రాశారు. సంజాయిషీ అడిగారు. తాను ముప్పయ్యేళ్ళు సైనికుణ్ణని, తనకు తెలిసినంతలో అది కత్తిరింపేనని, ఆ వరస ఇప్పుడు మిగతా వరసలకన్నా బాగా చిగిర్చిందని ఆయన జవాబిచ్చారు. నిజంగానే చిగిర్చింది. ఆ కొలతలు నేనే తీసి జత చేశాను.

ఉద్యోగంలోకి కొత్తగా వెళ్ళేవాళ్ళకు చెప్పేది ఇదే. పైవాడు అడిగిన ప్రశ్నకు జవాబు చెప్పి ఊరుకోవద్దు. అతను అడగాల్సి ఉండీ అడగనిది మీకు తెలిస్తే, అది కూడా చెప్పండి. వినేవాడు దొరుకుతాడని హామీ ఇవ్వలేను. తర్వాత నాకు దొరికిన ముగ్గురు డైరెక్టర్లలో ఇద్దరు వినలేదు. అయినా చెప్పాను. చెప్పినందుకు ఒకసారి ఏడాదిపాటు మూలగదిలో కూర్చున్నాను. అది దుఖాన్ రోడ్డు మీద తవ్వడం కన్నా తేలికే.

ఆయన వెళ్ళిన రోజు

తర్వాత చమురు ధర పడిపోయింది. పుట్టినంత తొందరగానే ఆఫీసులు ఒకదానిలో ఒకటి కలిసిపోయాయి. మా విభాగాన్ని ఇంకో దానిలో కలిపి, జనరల్ గారికి విశ్రాంతి ఇచ్చారు. ఆఖరి రోజు సభ వద్దన్నారు. మధ్యాహ్నం నన్ను పిలిచి తలుపు వెయ్యమన్నారు.

"బ్రసాద్, ఉన్నది ఉన్నట్టు చెప్పు. నాకు చెట్ల గురించి ఏమైనా తెలుసా?"

"వచ్చినప్పుడు ఏమీ తెలియదు సర్."

"ఇప్పుడు?"

"ఇప్పుడు ఉత్తర్వు ఇచ్చేముందు అడుగుతున్నారు."

"అందుకేనేమో ఇంటికి పంపుతున్నారు," అన్నారు.

ఇద్దరం నవ్వాం. ఆయన లేచి, బల్ల మీది పెన్ను తీసుకుని, ప్రభుత్వానిదని గుర్తొచ్చి మళ్ళీ పెట్టేశారు.

బయటికి వచ్చేసరికి పార్కు దారికి ఇరువైపులా పనివాళ్ళు నిలబడి ఉన్నారు. ఎవరూ రమ్మనలేదు. చేతులు కట్టుకోవాలో ఎత్తాలో తెలియక ఊరికే నిలబడ్డారు. లింబాద్రి అందరికంటే ముందున్నాడు, కళ్ళు తుడుచుకుంటున్నాడు. జనరల్ గారు కుంటుతూ వాళ్ళ మధ్యనుంచి నడిచారు. ఒక్కొక్కరినీ పేరుపెట్టి పలకరించారు. చివర్లో చేతి గడియారం చూసుకున్నారు.

"నీళ్ళ వేళ అయింది. యల్లా, పనిలోకి వెళ్ళండి."

వాళ్ళు కదిలారు. లింబాద్రి గొట్టం విప్పాడు. జనరల్ గారి కారు తలుపు డ్రైవరు తీసి పట్టుకున్నాడు. ఆయన ఎక్కలేదు. ఎండలో కర్ర ఊతంగా పట్టుకుని, నీళ్ళు ఒక్కొక్క పాదులోకే పారుతూ వరస చివరిదాకా పోవడం చూస్తూ నిలబడ్డారు. ఆఖరి పాదు నిండాక కారెక్కారు.